హేజెల్ స్కాట్‌కు దక్కిన మూడు నెలలు
(మహిళా సదస్సులో చేసిన ప్రసంగ పాఠం)



తెర మీద స్త్రీలను ఎలా చూపిస్తున్నారో మనం ఎన్నోసార్లు చర్చించుకున్నాం. ఈ రోజు నేను తెర మీద లేకుండా చేసిన ఒక స్త్రీ గురించి చెబుతాను. ఆమె పేరు హేజెల్ స్కాట్.

1920లో ట్రినిడాడ్‌లో పుట్టింది. చిన్నతనంలోనే తల్లితో న్యూయార్క్ చేరింది. తల్లీ సంగీతకారిణే. హేజెల్ పియానో మీద శాస్త్రీయ సంగీతాన్నీ జాజ్‌నూ కలిపి వాయించి పేరు తెచ్చుకుంది. హాలీవుడ్ పిలిస్తే, పనిమనిషి వేషాలు వెయ్యనంది. 1943లో ఒక సినిమాలో, యుద్ధానికి వెళ్లే భర్తలను సాగనంపే నల్లజాతి స్త్రీలకు మాసిన ఏప్రన్లు కట్టించారు. తనకు కాదు, తోటి నటీమణులకు. అయినా ఆమె మూడు రోజులు పని మానేసింది. ఏప్రన్లు పోయాయి. కొంతకాలానికి ఆమెకు సినిమా అవకాశాలూ పోయాయి.

1950 జూలైలో డ్యూమాంట్ టెలివిజన్ ఆమె పేరుతోనే ఒక కార్యక్రమం మొదలుపెట్టింది. వారానికి మూడుసార్లు, పదిహేను నిమిషాల ప్రత్యక్ష ప్రసారం. అందులో ఆమె ఎవరింటి పనిమనిషీ కాదు. తన పియానో, తన పాట, తన పేరు.

కానీ అంతకు ముందు నెలలోనే 'రెడ్ ఛానెల్స్' అనే పుస్తకం రేడియో, టెలివిజన్ రంగాలలోని 151 మందిపై కమ్యూనిస్టు సానుభూతిపరులన్న ముద్ర వేసింది. అందులో ఆమె పేరూ ఉంది. నేరారోపణ లేదు, విచారణ లేదు. ప్రకటనలిచ్చే కంపెనీలు జంకితే చాలు, పని పోయినట్టే. ఆమె తనంతట తానే సెప్టెంబర్ 22న ప్రతినిధుల సభ కమిటీ ముందుకు వెళ్లింది. తాను కమ్యూనిస్టును కాదంది. ఇలాంటి జాబితాలతో కళాకారుల బతుకులు తీయడం అన్యాయమంది. వారం తిరిగేసరికి కార్యక్రమం ఆగిపోయింది. కాదని చెప్పినా చాలలేదు. నోరు విప్పడమే నేరమైంది. 1957లో ఆమె పారిస్ వెళ్లిపోయింది, చాలా ఏళ్లు అక్కడే ఉంది. 1981లో న్యూయార్క్‌లో కన్నుమూసింది.

ఆ 1943 సినిమా మిగిలింది. రెండు పియానోల మధ్య కూర్చుని, ఒక్కో చేత్తో ఒక్కోటి వాయిస్తున్న ఆమెను నేను చూశాను. టెలివిజన్ కార్యక్రమం మాత్రం ఒక్క రీలూ మిగిలినట్టు తెలియదు. అప్పటికి వీడియో టేపు లేదు. తెర ముందు సినిమా కెమెరా పెట్టి తీసి దాచితేనే ప్రసారం మిగిలేది.

అందుకే నాకనిపిస్తుంది, గొంతు నొక్కడం ఒక్కసారితో అయిపోదని. మొదట పని లాక్కుంటారు, తర్వాత పని చేసిన ఆనవాలే లేకుండా పోతుంది. మన సభల్లో పాడినవాళ్ల, మాట్లాడినవాళ్ల గొంతుల్లో ఎన్నిటిని మనం దాచుకున్నాం? వాటిని పదిలపరచడం కూడా మన ఉద్యమంలో భాగమే.