అప్పు ఒకరిది, సంతకం ఇంకొకరిది



పట్టభద్రులారా! మీలో చాలామంది బ్యాంకుల్లో, ఆడిట్ సంస్థల్లో చేరబోతున్నారు. అందుకే 2008 ఆర్థిక సంక్షోభం గురించి మాట్లాడతాను. ఆ ఏడాది సెప్టెంబరు 15న అమెరికా పెట్టుబడి బ్యాంకు లేమాన్ బ్రదర్స్ 60 వేల కోట్ల డాలర్లకు పైబడిన అప్పులతో దివాలా పిటిషన్ వేసింది.

దానికి మూలం అమెరికా గృహరుణాలు. ఇళ్ల ధరలు పెరుగుతూనే ఉంటాయన్న ధీమాతో తీర్చే స్తోమత లేనివారికీ అప్పులిచ్చారు. అలాంటి దరఖాస్తు ఒకటి చూడండి. ఆదాయం గడిలో ఏజెంటు తోచిన అంకె వేస్తాడు. జీతం స్లిప్పు అడిగే నాథుడు లేడు. రెండేళ్లు వాయిదా తక్కువ, మూడో ఏట వడ్డీ మారి అమాంతం పెరుగుతుంది. ఏజెంటుకు కమిషన్ ముట్టింది. అప్పిచ్చిన సంస్థ ఆ పత్రాన్ని వాల్‌స్ట్రీట్‌కు అమ్మేసింది. అక్కడ వేల పత్రాలు కలిపి బాండ్లు చేస్తే, రేటింగ్ సంస్థలు చాలావాటికి అత్యంత సురక్షితమని చెప్పే ట్రిపుల్ ఏ ముద్ర కొట్టాయి. ముద్రకు రుసుము కట్టిందెవరు? బాండ్లు అమ్ముకునేవాళ్లే! ఎవరి వాటా వాళ్లకు అందింది. అప్పు తీరుతుందా అన్న బెంగ మాత్రం ఎవరికీ పట్టలేదు. అత్యాశ ఏ కాలంలో లేదు గనక? అసలు జబ్బు ఈ పట్టనితనమే.

ఇళ్ల ధరలు పడిపోగానే బ్యాంకును బ్యాంకు నమ్మడం మానేసింది. బాండ్లకు పూచీపడ్డ బీమా సంస్థ ఏఐజీని నిలబెట్టడానికి ఫెడరల్ రిజర్వ్ తొలివిడతగానే 8,500 కోట్ల డాలర్లు ఇచ్చింది. ఐస్‌లాండ్‌లో మూడు పెద్ద బ్యాంకులు ఒక్క వారంలో కూలాయి. అమెరికాలో నిరుద్యోగం 2009 అక్టోబరుకు 10 శాతానికి చేరింది.

ఇక మన దేశం సంగతి. మన కడప జిల్లాలో పుట్టిన వై.వి. రెడ్డి గారు రిజర్వ్ బ్యాంక్ గవర్నరుగా ఉండగా వాణిజ్య స్థిరాస్తి రుణాల రిస్క్ వెయిట్‌ను 100 నుంచి 150 శాతానికి పెంచారు. అంటే అలాంటి అప్పిచ్చే బ్యాంకు తన మూలధనం ఎక్కువగా పక్కన పెట్టాలి. అతి జాగ్రత్త అన్నవాళ్లు అప్పుడూ ఉన్నారు. లేమాన్ కూలడానికి పది రోజుల ముందు ఆయన స్థానంలోకి దువ్వూరి సుబ్బారావు గారు వచ్చారు. సంక్షోభం సెగ మనకూ తగలడంతో, బ్యాంకులకు రిజర్వ్ బ్యాంక్ ఇచ్చే అప్పుపై వడ్డీ అయిన రెపో రేటును 9 శాతం నుంచి 2009 ఏప్రిల్‌కల్లా 4.75కు దించారు. అయినా ఆఫర్ లెటర్ చేతిలో ఉండీ చేరే తేదీ తెలియక హైదరాబాదులో ఎదురుచూసిన ఇంజనీర్లు ఎందరో.

రేపు మీ బల్ల మీదికీ ఫైళ్లొస్తాయి. పైవాళ్లు తొందరపెడతారు. వాటిలోని అంకె ఎక్కడిదని అడగండి, కాగితం చూపించమనండి. జవాబు రాకపోతే సంతకం పెట్టకండి. ప్రమోషన్ ఒక ఏడాది ఆలస్యమైతే కానివ్వండి.