గాంధీగారి కొట్టు

పొద్దుటి వంటా వడ్డనా ముగించి, కాస్త నడుం వాల్చే వేళకి ఈ పేజీ తిప్పివుంటారు. రేడియోలో విన్నవాళ్లు మళ్లీ ఇదేనా అనుకోకండి. అక్కడ సమయం చాలక వదిలేసిన ముక్కలు కూడా ఇందులో కలిపాను.

ఈసారి ఒక ఇంటిపేరు గురించి చెబుతాను. గాంధీ. అమ్మో, అక్టోబరు రెండో తారీకు ఉపన్యాసం మొదలెట్టింది అని కంగారుపడకండి. నేను చెప్పబోయేది మహాత్ముడి గొప్పతనం కాదు. దాన్ని చెప్పడానికి పెద్దపెద్దవాళ్లున్నారు. నేను చెప్పేది ఆ పేరు సంగతి. ఎందుకంటే ఆ పేరు గల మనిషి మా ఇంట్లోనే ఒకాయన వున్నారు. మా మేనమామ.

మావయ్య 1948లో పుట్టాడు. జనవరి 30న గాంధీగారు పోయారు కదా, ఆ తరవాత మూడు నెలలకి. మా తాతయ్య ఖద్దరు మనిషి. ఆ దుఃఖంలో వుండగా మగపిల్లాడు పుట్టేసరికి మరో ఆలోచన లేకుండా 'గాంధీ' అని పెట్టేశాడు. మా ఇంటిపేరు ముందు, గాంధీ వెనక. మన జిల్లాల్లో ఇది వింతేమీ కాదు. గాంధీలు, నెహ్రూలు, బోసులు వీధికొకరు వుంటారు. అవన్నీ ఇంటిపేర్లని మనకి తోచనే తోచదు. ఒక్కసారి తిప్పి ఆలోచించండి. ఏ గుజరాతీ ఆయనో మన ప్రకాశం పంతులుగారి మీద గౌరవంతో కొడుక్కి 'టంగుటూరి' అని పేరు పెట్టి, 'ఒరేయ్ టంగుటూరీ, అన్నానికి రారా' అని కేకేస్తే మనకి ఎలా వుంటుంది? మనం చేసిందీ అదే! నెహ్రూ అన్నది కూడా అంతే. వాళ్ల పూర్వులు కాశ్మీరు నుంచి ఢిల్లీ వచ్చి కాలవ ఒడ్డున ఇంట్లో వుండేవారట. కాలవని అక్కడ 'నహర్' అంటారు. అందుకని నెహ్రూ. మన డెల్టాలో అయితే కాలవగట్టు వారు అనేవాళ్లం.

సరే, మా మావయ్య దగ్గరికి వద్దాం. తెనాలికి దగ్గర్లో చిన్న పల్లెటూరు. అక్కడ ఆయనకి పచారీ కొట్టు వుండేది. తాతయ్య పొలం అమ్మకుండా మిగిల్చింది ఎకరంన్నర. దాంతో ఇల్లు గడవక కొట్టు పెట్టాడు. రేకు బోర్డు మీద ఎర్రటి అక్షరాలతో 'గాంధీ కిరాణా' అని రాయించాడు. వేసవి సెలవులకి వెళ్లినప్పుడు నేను ఆ గల్లాపెట్టె పక్కన పీట వేసుక్కూర్చునేదాన్ని. చింతపండు, ఇంగువ, ఎండుమిరప, కర్పూరం, సాంబ్రాణి, తాటిబెల్లం... ఈ వాసనలన్నీ కలిసి మరో వాసన వచ్చేది. దానికి పేరు లేదు. మావయ్య చొక్కాకి కూడా అదే వాసన.

ఆ పేరు మన నోళ్లలో పడి ఎన్ని రూపాలెత్తిందో చూడండి. గాంధీ టోపీ వుందా? గాంధీగారు ఆ టోపీ పెట్టుకున్నది కొద్ది సంవత్సరాలే. 1921లో మదురైలో కొల్లాయి కట్టిన తరవాత ఆయన తల మీద టోపీ మనకి కనిపించదు. టోపీ మాత్రం పేరుతో సహా ఇతరుల తలల మీద మిగిలిపోయింది. ముప్ఫై అయిదు మార్కులతో గట్టెక్కితే మా బళ్లో 'గాంధీ క్లాసు' అనేవాళ్లు. ఆయన రైల్లో మూడో తరగతిలో తిరిగారు కదా, అందుకన్నమాట. రైళ్లలో మూడో తరగతి 1974లో తీసేశారు, మార్కుల్లో మాత్రం వుండిపోయింది. నేను కూడా లెక్కల్లో గాంధీ క్లాసే లెండి, దాచడమెందుకు. సరిహద్దు రాష్ట్రంలో పఠానుల చేత తుపాకులు దింపించిన ఖాన్ అబ్దుల్ గఫార్ ఖాన్ గారు 'సరిహద్దు గాంధీ' అయ్యారు. అంటే అప్పటికి అది పేరు కాదు, బిరుదు. విజయవాడలో రైలుస్టేషను దగ్గర 'ఓర్ హిల్' గాంధీకొండ అయింది. 1968లో అక్కడ యాభై రెండు అడుగుల స్తూపాన్ని రాష్ట్రపతి జాకీర్ హుస్సేన్ గారు ఆవిష్కరించారు. సికింద్రాబాదులో ఎడ్వర్డు రాజు పేరుతో వున్న ఆసుపత్రి గాంధీ ఆసుపత్రి అయింది. 'మా ఆయన్ని గాంధీలో చేర్చాం' అంటారు అక్కడి ఆడవాళ్లు. పాపం, వాళ్ల కళ్లముందు వార్డులు తప్ప ఇంకేమీ మెదలవు. 2006లో ఒక హిందీ సినిమా వచ్చాక 'గాంధీగిరీ' అని కొత్త మాట పుట్టింది. దాదాగిరీకి తమ్ముడిలాగా!

ఇక నోటు సంగతి. 1969లో శతజయంతికని ఒకసారి, 1987లో అయిదువందల నోటు మీద మరోసారి, 1996 నుంచి వరసగా అన్ని నోట్ల మీదా ఆ బోసినవ్వు వచ్చేసింది. దాంతో బల్లకింద చేతులకి కూడా ఆ పేరే పెట్టారు. 'ఒక గాంధీ బొమ్మ పడందే కాగితం కదలదమ్మా' అని ఒక ఆఫీసులో నాతోనే అన్నారు. నా పదో తరగతి సర్టిఫికెట్టు మీద పుట్టింటి ఇంటిపేరు, రేషను కార్డు మీద అత్తింటి ఇంటిపేరు. ఈ ఇద్దరూ ఒక్కరేనని అఫిడవిట్ పెట్టడానికి పోయాను లెండి. పేరు కలపడానికి వెళ్లి ఆ పేరుకి పట్టిన గతి చూసి వచ్చాను.

మరి ఇన్ని అర్థాలు మోసే పేరుని ఒక పల్లెటూరి కొట్టు మనిషి మీద పెడితే ఏమవుతుంది?

అప్పుడు నాకు పదేళ్లు. మధ్యాహ్నంపూట ఒక పెద్దావిడ పంచదార పొట్లం పట్టుకుని విసవిసా వచ్చింది. భర్త పోయి, ఇద్దరు పిల్లల్తో కుట్టుపని చేసుకు బతుకుతున్న మనిషి. 'ఏవయ్యా గాంధీ, కిలో అని చెప్పి ఎంతిచ్చావు? పక్క కొట్లో తూచి చూపించారు' అంది. మావయ్య నమ్మలేదు. 'మళ్లీ తూస్తానమ్మా' అని కాటా మీద పెట్టాడు. సరిగ్గా కిలో! ఆవిడ మొహం పాలిపోయింది. చుట్టూ నలుగురు చేరారు. ఆవిడదే అబద్ధం అన్నారెవరో. అప్పుడు మావయ్యకి ఏం తోచిందో, సరుకు పెట్టే తట్టని పైకెత్తి వెనక్కి తిప్పి చూశాడు. అడుగున బెల్లం ముద్ద, చింతపండు పిప్పి కలిసి అట్టకట్టుకుపోయి వుంది. ఎన్నాళ్ల నుంచి వుందో! గీకి తీస్తే అరచేతిలోకి వచ్చింది. ఆ బరువంతా ఊళ్లోవాళ్ల పొట్లాల్లోంచి తగ్గినట్టే కదా.

కావాలని చేసింది కాదు. నేను పక్కనే వున్నాను, నాకు తెలుసు. కాని తట్ట తోముకోవడం ఆయన పనే కదా, ఆ తప్పు ఆయనదే. ఆవిడకి తగ్గిన పంచదార కలిపి ఇచ్చి, చేతులు జోడించాడు. ఆవిడ తీసుకుని వెళ్లిపోతూ ఒక్క మాటంది. 'గాంధీ అని పేరెందుకయ్యా పెట్టుకోవడం' అని.

ఆ ఒక్క మాట ఊరంతా తిరిగింది. కొట్టుకి వచ్చిన ప్రతివాడూ నవ్వుతూనే, 'గాంధీగారూ, తట్ట కింద చూపించండి' అనేవాడు. నెలరోజులు మావయ్య అందరికీ కొసరు మీద కొసరు వేసి ఇచ్చాడు. అత్తయ్య లెక్కలు చూసుకుని లోలోపల ఏడ్చింది. ఒకరోజు రాత్రి భోజనాల దగ్గర మావయ్య అన్నాడు: 'సుబ్బారావనో వెంకటేశనో పేరుంటే ఒక తిట్టు తిట్టి వూరుకునేవాళ్లు. నాకు రెండు తిట్లు. ఒకటి చేసినదానికి, ఒకటి పేరుకి.' మర్నాడు పొద్దున్న నేను లేచేసరికి బోర్డు లేదు. వడ్లు పోసే గాబు మీద మూతగా వేసివుంది, అక్షరాలు లోపలివైపుకి. ఆ తరవాత ఆ కొట్టుకి పేరే లేదు. 2014లో మోకాళ్లు సహకరించక మూసేసేదాకా మళ్లీ బోర్డు పెట్టలేదు.

ఇప్పుడు అసలు కథ. మా అత్తయ్య కొడుకు దగ్గరికని అమెరికా వెళ్లింది. పాస్‌పోర్టు కాగితాలు నింపిన ఏజెంటు ఇంటిపేరు రాయాల్సిన గడిలో భర్త పేరు రాసేశాడు. అలా మా అత్తయ్య కాగితాల మీద 'మిసెస్ గాంధీ' అయిపోయింది! విమానాశ్రయంలో ఆఫీసరు పేరు చూసి నవ్వి, 'ఆ గాంధీగారికి చుట్టాలా' అని అడిగాడట. ఇంట్లో పిల్లలకి అదో వేడుక. ఆవిణ్ణి మిసెస్ గాంధీ అనే పిలవడం.

మావాడుండేది న్యూజెర్సీలో ఎడిసన్ అనే వూళ్లో. అక్కడ గుజరాతీవాళ్లు ఎక్కువ. కందిపప్పు కొనడానికి వెళితే మనవరాలు వూరుకోక, 'మా నానమ్మ పేరు మిసెస్ గాంధీ' అని కొట్టాయనతో చెప్పేసింది. ఆయన ముసలాయన. కళ్లు పెద్దవి చేసి, 'కాఠియావాడ్‌లో ఏ వూరమ్మా మీది?' అని హిందీలో అడిగాడు. అత్తయ్యకి దూరదర్శన్ నేర్పినంత హిందీ వచ్చు. 'ఆ గాంధీ కాదండీ, గాంధీ అన్నది మా ఆయన పేరు' అంది. 'పేరా! ఆయనేం చేస్తారు?' 'వూళ్లో కొట్టుండేది. పప్పులూ, ఉప్పులూ...' ఆయన పకపకా నవ్వి, 'ఇంకేం మరి, మా భాషలో గాంధీ అంటే అర్థం అదేనమ్మా!' అన్నాడట.

ఆ రాత్రే అత్తయ్య నాకు ఫోను. 'నిజమేనటే? నువ్వు రేడియోలో మాట్లాడతావుగా, కనుక్కుని చెప్పు' అంది. మర్నాడే లైబ్రరీకి పోయి ఒకటికి రెండు పుస్తకాలు తిరగేశాను.

నిజమేనండీ. మూలం మన గంధమే. గంధాలూ అత్తర్లూ అమ్మేవాడు గాంధికుడు. వాసన దినుసులు అమ్మేచోటే సుగంధ ద్రవ్యాలు, మందు దినుసులు, ఆపైన పప్పులు, ఉప్పులు. అలా గుజరాతీలో గాంధీ అంటే పచారీ వర్తకుడు. అక్కడ చాలా ఇంటిపేర్లు ఇలాగే దుకాణంలోంచి వచ్చినవి. జవేరీ అంటే నగల వర్తకుడు, పారిఖ్ అంటే నాణెం పరీక్ష చేసేవాడు, కాపడియా అంటే బట్టల వర్తకుడు. కస్తూర్బాగారి పుట్టింటి పేరు ఏమిటనుకున్నారు? కాపడియాయే! బట్టల వారి పిల్ల పచారీ వారి కోడలైందన్నమాట. ఆడపిల్లల బడులకి కస్తూర్బా గాంధీ అని మెట్టినింటి పేరుతో సహా పెట్టుకున్నాం కాని, ఆవిడ పుట్టింటి పేరు మనలో ఎంతమందికి తెలుసు?

ఇంటిపేరు వృత్తిది కనుక ఏ మతం వాళ్లకయినా వుండవచ్చు. 1893లో చికాగో సభలో వివేకానందుడితో పాటు జైన మతం తరపున మాట్లాడినాయన వీర్‌చంద్ గాంధీ. మహాత్ముడికి అప్పటికి పేరు రాలేదు. ఇందిరాగాంధీ భర్త ఫిరోజ్ పార్శీ. వాళ్ల ఇంటిపేరు కూడా అదే మోస్తరుది, ఇంగ్లీషులో స్పెల్లింగు వేరు. మహాత్ముడు ఆయన్ని దత్తత చేసుకుని పేరిచ్చాడని మా ఇంట్లో పెద్దవాళ్లు కూడా ఖాయంగా చెప్పేవారు. అది వట్టి మాట. 1942లో పెళ్లితో నెహ్రూగారమ్మాయికి ఆ పేరు వచ్చింది, అందరు ఆడపిల్లలకి వచ్చినట్టే. 1980లో ఆవిడ మన మెదక్ నుంచి గెలిచినప్పుడు, ఆ వూళ్లలో ఎంతోమంది ఆవిణ్ణి మహాత్ముడి ఇంటి ఆడపడుచే అనుకున్నారంటే వాళ్లని తప్పుపట్టలేం.

పుస్తకాల్లో చూసినదంతా ఒక కాగితం మీద రాసుకుని ఆదివారం మావయ్య దగ్గరికి వెళ్లాను. అత్తయ్య ఇంకా రాలేదు, ఒక్కడే వున్నాడు. కాఫీ కలిపి ఇచ్చి, అంతా చదివి వినిపించాను. గంధం, దినుసులు, కొట్టు... వింటూ వింటూ కుర్చీలో ముందుకి జరిగాడు. 'అయితే బోర్డు మీద కిరాణా అన్న ముక్క అనవసరమన్నమాట' అన్నాడు.

మహాత్ముడు తన ఆత్మకథలో, తమ వాళ్లు మొదట్లో పచారీ వర్తకులై వుంటారనీ, తాతగారి నాటి నుంచి మూడు తరాలుగా సంస్థానాల్లో దివాన్‌గిరీ చేశారనీ రాసుకున్నారు. అదీ చదివాను. మావయ్య కాసేపు ఏమీ మాట్లాడలేదు. తరవాత కళ్లజోడు తీసి తుడుచుకుంటూ అన్నాడు:

'వాళ్లు కొట్టు ఎప్పుడో మూసేశారన్నమాట. నేను మొన్న మొన్నటిదాకా తీసేవుంచానే, అమ్మడూ!'