ఏడు రోజులు నోరు విప్పని స్నేహితులు



గేట్ బజార్‌లో కూర్చుని దేవుడు మంచివాడని చెప్పుకోవడం తేలికే. గోపాల్‌పూర్ ఒడ్డున, ఒరియావాళ్ళు నోలియాలని పిలిచే మన తెలుగు జాలరుల మధ్య ఆ మాట అనడానికి గుండె కావాలి. 2013 అక్టోబరు 12 రాత్రి ఫైలిన్ తుఫాను తీరం దాటింది అక్కడే. పడవలు, వలలు, ఇంటి కప్పులు పోయాయి. అలాంటి ఇంటి ముందు నిలబడి మనం ఏమంటాం? "దేవుని చిత్తం" అంటాం. "పాపఫలం" అనేవాళ్ళూ మన సంఘాల్లో లేకపోలేదు.

యోబు స్నేహితులదీ ఇదే వరస. మొదట ఏడు పగళ్ళు, ఏడు రాత్రులు అతనితో నేలమీద కూర్చున్నారు, ఒక్క మాటా అనలేదు. వాళ్ళు చేసిన మంచిపని అదొక్కటే. నోరు తెరిచాకే చెడింది. తన గురించి సరిగా మాట్లాడలేదని దేవుడు కోపగించుకున్నది వాళ్ళమీదే. సిలోయము గోపురం కూలి చచ్చిన 18 మంది తక్కినవారికంటే పాపులా అని ప్రభువు అడిగి, కాదన్నాడు. ఆ వచనం మనకు కంఠతా వచ్చు. తుఫాను మర్నాడు మాత్రం గుర్తురాదు!

ఒక లెక్క చూద్దాం. 1999 అక్టోబరు 29న సూపర్ సైక్లోన్ ఒడిశాలో దాదాపు 10,000 మందిని పొట్టనపెట్టుకుంది. ఫైలిన్‌లో పోయినవారు పదుల్లోనే. ఆ పద్నాలుగేళ్ళలో దేవుడు ఇంకాస్త మంచివాడయ్యాడా? తుఫాను షెల్టర్లు కట్టారు, హెచ్చరిక ముందే అందింది, రాష్ట్రంలో సుమారు పది లక్షలమందిని ఇళ్ళనుంచి తరలించారు. అంటే 1999లో దేవుని చిత్తమని మనం పాతిపెట్టిన చావుల్లో చాలామటుకు తలదాచుకునే చోటు లేక పోయిన ప్రాణాలే. దేవుని మీదికి నెట్టేస్తే మనకు సుఖం, ఏ ఆఫీసుకూ వెళ్ళి అడగక్కర్లేదు.

"మరి ఆ గాలిని పుట్టించిందెవరు? ఫైలిన్‌లో పోయినవాళ్ళ మాటేమిటి?" అని మన పిల్లలు అడుగుతున్నారు. మా దగ్గర జవాబు లేదు. సిలువ మీద ప్రభువు ఎందుకని కేకవేసినప్పుడు పైనుంచి మాట రాలేదు. అడగడం అవిశ్వాసమైతే ఆయన అడిగి ఉండడు. దేవుణ్ణి వదలకుండానే దేవుణ్ణి నిలదీయవచ్చని మేము నేర్చుకున్నది అక్కడే.

వచ్చే ఆదివారం ఆరాధన అయ్యాక గోపాల్‌పూర్ వెళ్దాం. ప్రసంగం వద్దు. షెల్టరు తాళంచెవి ఎవరి దగ్గరుంటుంది, నడవలేని ముసలమ్మలను ఎవరు మోస్తారు, పడవ పోతే నష్టపరిహారం అర్జీ ఎవరు రాసిపెడతారు, ఇవి అడిగి రాసుకుందాం. అర్జీ ఒరియాలో రాయాలి. ఒరియా చక్కగా రాయగలిగినవాళ్ళు ఇప్పుడే చేతులెత్తండి.