గడియారమును ఏ ప్రక్కనుండి చూడవలెను?

గాజుపలకపై గడియారపు ముల్లును అమర్చినామనుకొనుడు. ముందు నిలిచినవారికి అది సవ్యముగ తిరుగును. పలకకు వెనుక నిలిచినవారికి అపసవ్యముగ తిరుగును. ముల్లు ఒక్కటే. సి.ఎన్.సి. యంత్రమునకు ప్రోగ్రాము వ్రాయువారు మరువరాని సంగతి యిది.

సంఖ్యల ఆజ్ఞలచే నడచు మిల్లింగు యంత్రమును 1952లో అమెరికాలోని మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థ ప్రదర్శించినది. నేటి కంప్యూటరు యంత్రములు దాని సంతతియే.

మీరు కూర్చున్న గదినే నిలువు మిల్లింగు యంత్రమనుకొనుడు. ఎదుటిగోడకు అభిముఖముగ నిలిచినచో కుడియెడమలు ఎక్స్ అక్షము, ముందువెనుకలు వై, ఎత్తు జడ్. నేల ఎక్స్-వై తలము. దానిని ఎన్నుకొను ఆజ్ఞ జి 17. ఎదుటిగోడ జడ్-ఎక్స్ తలము, జి 18. ప్రక్కగోడ వై-జడ్ తలము, జి 19. కట్టరు సరళరేఖలో పోవునప్పుడు తలముతో పనిలేదు. చాపమును కోయునప్పుడే, ఏ తలముపై, ఏ దిశలో అను ప్రశ్న పుట్టును. సవ్యదిశకు జి 2, అపసవ్యదిశకు జి 3.

సవ్యమనగా ఎవరి కంటికి? తలములో చేరని మూడవ అక్షపు ధనదిశనుండి చూచువారి కంటికి. నేలను పైనుండి చూతుము, ప్రక్కగోడను కుడివైపునుండి చూతుము, చిక్కులేదు. కాని వై అక్షపు ధనదిశ మననుండి దూరముగ పోవుచున్నది. కనుక ఎదుటిగోడను దాని వెనుకనుండి చూడవలెను. గాజు గడియారపు కథ ఇచటనే వచ్చును.

ఇనుపదిమ్మపై 40 మి.మీ. వెడల్పుగల అర్ధవృత్తపు గుబ్బను మలచవలెననుకొందము. కట్టరు ఎడమనుండి గుబ్బమీదుగ కుడికి పోవలెను. మన కంటికది సవ్యమే. అయినను జి 18లో వ్రాయవలసినది జి 3. కంటిని నమ్మి జి 2 వ్రాసినచో, పైకెక్కవలసిన కట్టరు దిమ్మలోనికే దిగును. కట్టరు విరుగును, గంటలకొలది చేసిన పనియు చెడును.

లేతు పనివారికి ఈ చిక్కు అంతగా లేదు. వారి పనిముట్టు కదలునది సాధారణముగ జడ్-ఎక్స్ తలము ఒక్కదానిలోనే.

మరియొక సంగతి. ఒకసారి జి 18 అన్న పిమ్మట, వేరొక తలమును చెప్పువరకు యంత్రము దానినే పట్టుకొనియుండును. పగటివారు నడుమ ఆపిన ప్రోగ్రాములోని జి 18 రాత్రివారి పనికి సంక్రమింపవచ్చును. అందుచే ప్రతి ప్రోగ్రాము మొదటి పంక్తిలోనే జి 17 వ్రాయుట మేలు. మిల్లింగు యంత్రము ఎటులును జి 17తోనే మేల్కొనును, వ్రాయుట దండుగ యని కొందరందురు, మేమట్లు తలపము. తలము మార్చినచోట చాపపు పని ముగియగనే మరల జి 17 వ్రాయవలెను. అటుపిమ్మట కట్టరును దిమ్మకు చాలినంత ఎత్తున నిలిపి, ప్రోగ్రామును ఒకసారి గాలిలో నడపి చూచినచో, అది గుబ్బనెక్కుచున్నదో గుంటలో దిగుచున్నదో కంటికే కనబడును.