దేశదేశాల సంగీతం – మన చెవి
(రాజపాళయం ఉగాది సభలో చేసిన ఉపన్యాసం)



ఈ ఉదయం మన యిళ్లన్నిటిలోనూ వేపపువ్వు పచ్చడి తిన్నాము. పసిబిడ్డ నాలుక మీద ఆ పచ్చడి మొదటిసారి పెడితే మొగం ముడిచి ఉమ్మివేస్తాడు. నాలుగైదు ఉగాదులు గడిచాక, చేదు తగలకపోతే అది పచ్చడే కాదంటాడు. పచ్చడి మారలేదు, వాడి నాలుక మారింది. చెవి సంగతి కూడా యింతే. దేశదేశాల సంగీతాన్ని విని ఆనందించడం పుట్టుకతో వచ్చే వరం కాదనీ, ఓపికతో నేర్చుకొనే విద్య అనీ మనవి చేయడానికే యీనాడు మీ ముందు నిలబడ్డాను.

ఈ మాట చెప్పడానికి మన వూరికంటె తగిన చోటు లేదు. మన పూర్వులు కొన్ని శతాబ్దాల క్రిందట ఆంధ్రదేశం విడిచి యిక్కడికి వచ్చారు. మనకు యింట్లో తెలుగు మాట, బడిలో తమిళ అక్షరం. మార్గళి మాసం తెల్లవారుజామున తిరుప్పావై వినిపిస్తే, అది ప్రక్కనున్న శ్రీవిల్లిపుత్తూరులో వెలసిన ఆండాళ్ తమిళంలో పాడినదని మనం లెక్కపెట్టుకోము. మన మనస్సు దానితో పాటే కదులుతుంది. ఒకనాడు మన తాతముత్తాతలకు అది పొరుగువారి పాటే. వినగా వినగా మన పాట అయింది.

మన తమిళ సోదరులు మనకంటె పెద్ద పరీక్షలో నెగ్గారు. తిరువైయారులో నివసించిన త్యాగరాజస్వామి (1767–1847) కీర్తనలలో అత్యధిక భాగం తెలుగు. ఆయన కాలం నుండి నేటివరకు ఆ కీర్తనలను నేర్చి, పాడి, శిష్యులకు అప్పగించినవారిలో తెలుగు తెలియని తమిళులు వేనవేలు. మాట అర్థం కాకపోయినా రాగాన్ని విన్నారు, భావాన్ని పట్టుకున్నారు. అర్థం కాని భాషలో కచేరి అంతా యెందుకు వినాలి అనే ప్రశ్న కూడా పుట్టింది. 1941లో అణ్ణామలై విశ్వవిద్యాలయంలో తమిళ సంగీత మహాసభ జరిగింది. 1943లో మద్రాసులో తమిళ్ ఇశై సంఘం వెలిసింది. ఆ ప్రశ్న అడగడంలో తప్పు లేదు. తల్లిభాషలో పాట వినాలని యెవరికుండదు? అయినా తమిళ కీర్తనలకు కచేరీలలో చోటు పెరిగిన తరువాత త్యాగరాజస్వామిని యెవరూ బయటికి పంపలేదు. క్రొత్త చుట్టం వచ్చినాడని పాత చుట్టాన్ని లేపవలసిన పని లేదని వారు నిరూపించారు.

ఇక మనకు ఆగ్నేయంగా వున్న ఎట్టయపురం సంగతి వినండి. అది మహాకవి సుబ్రహ్మణ్య భారతి పుట్టిన వూరు. ముత్తుస్వామి దీక్షితులు 1835లో సిద్ధి పొందినదీ అక్కడే. దీక్షితులవారు మద్రాసు కోటలోని తెల్లవారి బ్యాండు వాయించే వరుసలు విన్నారు. చెవులు మూసుకొనలేదు. ఆ ధోరణిలో సుమారు నలభై చిన్న రచనలు సంస్కృతంలో చేశారు. వీటినే నొట్టు స్వర సాహిత్యాలంటారు. వాటిలో ఒకటి అచ్చంగా ఇంగ్లీషువారి జాతీయగీతం వరుసే. ఆయన తమ్ముడు బాలుస్వామి దీక్షితులు ఒక యూరోపియను వద్ద ఫిడేలు నేర్చి, దానిని మన సంగీతానికి అలవరచి, ఎట్టయపురం ఆస్థాన విద్వాంసుడైనారు. ఈనాడు ఫిడేలు లేని కచేరి ఊహించగలమా? పరదేశపు వాయిద్యమని ఆనాడు తోసివేసి వుంటే నష్టం యెవరికి?

ఇంకొక విశేషం. దీక్షితుల పరంపరను గ్రంథస్థం చేసిన సుబ్బరామ దీక్షితులవారి ‘సంగీత సంప్రదాయ ప్రదర్శిని’ 1904లో ఆ ఎట్టయపురంలోనే, తెలుగు లిపిలో అచ్చయింది. దానిని వెలువరించమని పట్టుబట్టినవారిలో ముఖ్యుడు చిన్నస్వామి మొదలియారు. ఆయన తమిళ క్రైస్తవుడు. మన కీర్తనలను ఐరోపావారి స్వరలిపిలో వ్రాయడానికి తన సర్వస్వం ధారపోసినవాడు. సంస్కృత సాహిత్యం, తెలుగు లిపి, తమిళనాటి సంస్థానం, క్రైస్తవుని ప్రోద్బలం – ఇన్ని కలిస్తేనే ఆ నిధి మనకు దక్కింది.

వాళ్లు మన సంగీతం విన్నారా అని మీరు అడగవచ్చు. విన్నారు. ప్రఖ్యాత ఫిడేలు విద్వాంసుడు యెహూదీ మెనూహిన్ 1952లో మన దేశానికి వచ్చి, మన సంగీతం విని ముగ్ధుడైనాడు. 1955లో ఆయన ప్రోత్సాహంతో ఉస్తాద్ అలీ అక్బర్ ఖాన్ న్యూయార్కులో సరోదు వాయించారు. అప్పుడు వెలువడిన గ్రామఫోను రికార్డులో మెనూహిన్ స్వయంగా ముందు మాట్లాడి, రాగమంటే యేమిటో, వాయిద్యాలేవో అమెరికా శ్రోతలకు వివరించాడు. క్రొత్త సంగీతం వద్దకు వెళ్లేటప్పుడు తెలిసినవాడొకడు చేయి పట్టుకొని తీసుకుపోవడం యెంత మేలో గమనించండి. జాన్ హిగ్గిన్స్ అనే అమెరికను యింకా ముందుకు పోయాడు. టి. విశ్వనాథన్ గారి వద్ద శిష్యరికం చేసి, కర్ణాటక కచేరీలు చేసి, ‘హిగ్గిన్స్ భాగవతార్’ అని రసికులచేత పిలిపించుకున్నాడు. 1984లో ఆయన అకాలమరణం చెందితే యిక్కడి రసికులు సొంతవాడు పోయినట్లు బాధపడ్డారు.

ఇంత చెప్పే నేను మొదటినుండీ విశాలమైన చెవి గలవాడిని కాను. సముద్రాల కవతల పెరిగిన మనుమడు సెలవులకు వచ్చి, ఘానా దేశపు డోళ్ల వాయిద్యం పెట్టాడు. “ఏమిటిరా ఆ రొద, ఆపు” అన్నాను. వాడు ఆపాడు. ఆ సాయంత్రం నేను కచేరి పెట్టుకుంటే లేచి గదిలోకి పోయాడు. ఎవరిచెవి వాళ్లం మూసుకున్నాము. రాత్రి నిద్ర పట్టలేదు. మరునాడు నేనే అడిగాను, “ఆ డోళ్లు మళ్లీ పెట్టు, దానిలో యేమి వినాలో చెప్పు” అని. “డోళ్లను వదిలిపెట్టు తాతా, ఆ యినుపగంట ఒక్కటే విను” అన్నాడు. విన్నాను. పన్నెండు మాత్రలలో ఏడు దెబ్బలు. డోళ్లు యెంత విజృంభించినా ఆ గంట చెదరదు. ఆ పన్నెండునే ఒక డోలు మూడేసిగా, ఇంకొకటి నాలుగేసిగా పంచుకుంటున్నాయి. మనం తిశ్రమనీ చతురశ్రమనీ విడివిడిగా చెప్పుకొనేవి అక్కడ ఒకేసారి నడుస్తున్నాయి! నా చేయి తనంతట తాను తొడమీద తాళం వేసింది. ఆ సాయంత్రం తని ఆవర్తనం వస్తే వాడు నా ప్రక్కన కూర్చుని లెక్క పెట్టాడు.

కాబట్టి నాకు తోచిన మార్గం యిది. ప్రతి సంగీతంలోనూ ఒక మూలస్తంభం వుంటుంది. ముందు దానిని వెదకాలి. మనకు శ్రుతి, తాళం. ఘానాలో ఆ గంట. జావాద్వీపపు గామెలాన్ వాయిద్యగోష్ఠిలో ఆవర్తం ముగిసినచోట మ్రోగే పెద్ద గంట. మనం సమం కోసం యెదురుచూచినట్లు దాని కోసం యెదురుచూడాలి. 1889లో పారిస్ ప్రదర్శనలో ఆ గామెలాన్ విని ఫ్రెంచి స్వరకర్త దెబుస్సీ అబ్బురపడ్డాడు. పాశ్చాత్య సంగీతంలో పెక్కు స్వరాలు ఒకేసారి కలిసి పలికే పొందిక స్తంభం. గమకం యేదని అక్కడ వెదికితే, మన కచేరీలో ఆ పొందిక యేదని వారు వెదికినట్లే వుంటుంది.

రెండవది, పోలిక గుమ్మం వంటిది. చైనా పాటలోనూ, స్కాట్లండు జానపదంలోనూ మన మోహన స్వరాలు వినిపించి సంతోషం కలుగుతుంది. మంచిదే. కాని “ఇది మన మోహనమే” అని అక్కడే ఆగిపోతే గుమ్మంలో నిలబడి యిల్లు చూశామన్నట్లే. గామెలాన్ స్వరాలు మన స్వరస్థానాలకు సరిపడవు. ఒక గోష్ఠి శ్రుతి ఇంకొక గోష్ఠికి కలియదు. అది అపశ్రుతి కాదు, వారి శ్రుతి. మూడవది, ఒక్కసారి విని తీర్పు చెప్పరాదు. వేపపువ్వుకు నాలుగు ఉగాదులు యిచ్చాము గదా.

ఇదంతా మన పాట మరచిపొమ్మని చెప్పడం కాదు. మన అవ్వల లాలిపాటలు, పెండ్లిపాటలు యింటింటా నిలవాలి. ఆ నిలుపుకోవడం మన పిల్లల చేతుల్లో వున్నది. వారు నేడు ఎన్నో దేశాలలో, ఎన్నో పాటల మధ్య పెరుగుతున్నారు. వారు ప్రేమించే పాటను మనం రొద అని త్రోసివేస్తే, మన పాటను వారు విననూ వినరు, నేర్వనూ నేర్వరు. ఈ పండుగనాడు ప్రతి యింటా పెద్దలు పిల్లలను ఒక పాట అడిగి వినండి. తరువాత మీ పాట ఒకటి వినిపించండి.