సార్జెంటు పందెము
(పఠనమందిర సభలో మేము చేసిన ప్రసంగపాఠము)



1958వ సంవత్సరమున ఇంగ్లండునందు విడుదలయైన "క్యారీ ఆన్ సార్జెంట్" అను హాస్యచిత్రమును నేటి ప్రసంగవిషయముగా గైకొంటిమి. కారణము వినోదము మాత్రము గాదు. మనల నేలిన జాతి తన సొంతబిడ్డలను బలవంతముగా సిపాయీలను చేసినపుడు వారి గతి యేమయ్యెనో ఇందు కొంత కానవచ్చును, కొంత కానరాదు.

రెండవ ప్రపంచయుద్ధము ముగిసినను ఇంగ్లండు నిర్బంధసైన్యమును విడువలేదు. 1949 జనవరి మొదలుకొని జాతీయసేవాశాసనము అమలునకు వచ్చెను. 18 ఏండ్లు నిండిన యువకుడు తొలుత 18 నెలలును, కొరియాయుద్ధము వచ్చిన 1950 నుండి రెండేండ్లును సేనలో గడపవలసివచ్చెను. 1960 చివర పిలుపులు నిలిచెను. కట్టకడపటివారు 1963లో ఇండ్లు చేరిరి.

చిత్రములో చార్లీ సేజ్ అనువానికి పెండ్లినాడే పిలుపు వచ్చెను. మన వాడుకలో చెప్పవలెనన్న పీటలమీదినుండియే లేచిపోయెను. పెండ్లికూతురు మాత్ర మూరకుండునా? శిబిరపు క్యాంటీనులో పనికి కుదిరి మగనివెంటనే వచ్చెను! తోడివారిలో ఒకడు లేని రోగములను తలచుకొని వైద్యుల గడప విడువడు. ఒకడు చదువుకొన్నవాడు, ప్రతి ఆజ్ఞకును ఎదురుప్రశ్న వేయును. మరియొకడు ఎన్ని జట్లు దాటిపోయినను తానక్కడనే మిగిలిపోయినవాడు. వీరిని దిద్దవలసిన సార్జెంటు గ్రిమ్‌షా కొలువు చాలింపనున్నాడు. తన కడపటి జట్టే ప్రథమస్థానము పొందునని తోటి సార్జెంటుతో 50 పౌనులు పందెము కాచినాడు. విలియం హార్ట్‌నెల్ ఈ పాత్రను వెకిలిచేష్టలు లేక నిజమైన సార్జెంటువలెనే నటించుటచేత నవ్వు మరింత పండెను.

కేకలు పనిచేయలేదు, మంచిమాటలును పనిచేయలేదు. తుపాకి నిలువదు, అడుగులు కలియవు. కడపటి పరీక్ష సమీపించినపుడు పందెము సంగతి కుర్రవాండ్ర చెవిని బడెను. పోవుచున్న పెద్దవాని మాట పోరాదని వారు పట్టుబట్టి, జట్లన్నిటిలో మొదటివారైరి. కొన్ని వారములక్రిందట ఒకరి మొగ మొకరెరుగని వారే వీరు. శాసనమునకు లొంగని కాళ్లు అభిమానమునకు లొంగినవి. చిత్రమునకు ప్రాణ మిదియే.

మరి కవాతు మైదానము దాటిన పిదప? 1948లో మలయాయందును, 1952లో కెన్యాయందును, 1955లో సైప్రసునందును పోరాటములు చెలరేగగా, ఆ ప్రజల నణచుట కిట్టి కుర్రవాండ్రనే ఓడలెక్కించి పంపిరి. వారిలో పెక్కురకు ఓటు లేదు. ఆ దేశమున 1969 వరకు ఓటుహక్కు 21 ఏండ్లకుగాని లభింపలేదు. తుపాకికి తగిన వయస్సు ఓటునకు తగదట!

మన సంగతియు ఇట్టిదే. 1939లో మన ప్రతినిధుల నడుగకయే మనలను యుద్ధములో దింపిరి. ఆ యుద్ధమున భారతసేన ఇంచుమించు 25 లక్షలకు పెరిగెను. అందు నిర్బంధశాసనముచే చేరినవారు లేరని ఆంగ్లేయులు గొప్పగా చెప్పుకొందురు. ఆకలియు నొక నిర్బంధమే యని యెవరైన ననిన మేము కాదనము.

చిత్రాంతమున కుర్రవాండ్రు సార్జెంటున కొక కానుక నిచ్చి వీడ్కొనిరి. ఆ పిదప వా రే యోడ నెక్కిరో చిత్రము చెప్పదు.