స్టోరు రద్దయితే ఏం చేయాల?

(వార్షిక మహాసభలో సామాజిక కార్యాచరణ కమిటీ తరఫున చేసిన ప్రసంగ పాఠం)



మన అనంతపురం నేల సంగతి మీకు చెప్పాల్సిన పని లేదు. శెనక్కాయ ఎండిపోయిన ఏడు చాలా ఇండ్లల్లో పొయ్యి వెలిగేది స్టోరు బియ్యంతోనే. 2013 జాతీయ ఆహార భద్రతా చట్టం 12వ సెక్షన్‌లో, చౌకధరల దుకాణాలు ఇచ్చేటప్పుడు పంచాయతీలకు, స్వయం సహాయక సంఘాలకు, సహకార సంఘాలకు ప్రాధాన్యం ఇవ్వాలని, వాటిని ఆడవాళ్లు, వాళ్ల సంఘాలు నడిపేలా చూడాలని రాసినారు. అట్లా చేతికొచ్చిన స్టోరును ఒక్క కాగితంతో తీసేస్తే ఏం చేయాలనేదే ఈ పొద్దు మాట.

కోర్టుకు పోతే మనం మంచివాళ్లమని చెప్పుకుంటే చాలనుకుంటాం. హైకోర్టు బస్తాలు లెక్కపెట్టదు. తీసేసిన పద్ధతి సరిగా ఉందా లేదా అని చూస్తాది. షోకాజ్ నోటీసు ఇచ్చినారా? తనిఖీ రిపోర్టు, పంచనామా, కార్డుదారుల వాంగ్మూలాల నకళ్లు ఇచ్చినారా? జవాబుకు తగినంత టైము ఇచ్చినారా? మనం ఇచ్చిన జవాబును పట్టించుకొని, కారణాలు చూపించి ఉత్తర్వు రాసినారా? "వివరణ సంతృప్తికరంగా లేదు" అని ఒక్క ముక్క రాసి రద్దు చేసిన ఉత్తర్వులను హైకోర్టు చాలాసార్లు కొట్టేసింది.

అందుకే మన కేసు కోర్టులో మొదలుకాదు, నోటీసు అందిన రోజే మొదలవుతాది. నోటీసు తీసుకోకుండా తప్పించుకోవద్దు. తీసుకొని తేదీ రాసుకోండి. నకళ్లు ఇమ్మని రాతపూర్వకంగా అడగండి. ఒక్కొక్క ఆరోపణకు విడివిడిగా జవాబు రాయండి. స్టాకు రిజిస్టరు, ఈ-పాస్ మిషన్ లెక్కలు జత చేసి, ఆఫీసులో ఇచ్చినట్టు ముద్ర వేయించుకోండి. నోటితో చెప్పి వచ్చిన మాట ఫైలులో ఉండదు.

డీలర్‌షిప్ ఇచ్చేది, రద్దు చేసేది ఆర్డీవో గారు, లేదంటే సబ్ కలెక్టరు గారు. దానిమీద అప్పీలు జాయింట్ కలెక్టరు గారి దగ్గర. గడువు దాటకుండా వేయాల. అప్పీలుతో పాటే, అది తేలేదాకా రద్దు అమలు ఆపమని స్టే అర్జీ కూడా పెట్టాల. రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ వేయొచ్చు గానీ, ముందు అప్పీలుకు పొమ్మని కోర్టు సాధారణంగా అంటాది. నోటీసే లేకుండా తీసేసినప్పుడు, అధికారం లేనివాళ్లు తీసేసినప్పుడు నేరుగా వినొచ్చు. 2019 జనవరి 1 నుంచి మన హైకోర్టు అమరావతిలో ఉంది.

అంత దూరం, అంత ఖర్చు అని భయపడొద్దు. 1987 న్యాయ సేవల అధికార సంస్థల చట్టం ప్రకారం ఆడవాళ్లకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అర్జీ పెట్టొచ్చు, 15100కు ఫోన్ చేయొచ్చు.

రెండు విషయాలు దాచకుండా చెప్పాల. మొదటిది, పద్ధతి తప్పని ఉత్తర్వు కొట్టేసినా, మళ్లీ సక్రమంగా విచారణ చేయమని కోర్టు వెనక్కి పంపొచ్చు. అప్పుడు రిజిస్టరే మనల్ని కాపాడాల. బియ్యం నిజంగా పక్కదారి పట్టింటే సమాఖ్య ఆ డీలరు వెంట నిలబడదు. అంత్యోదయ కార్డుకు చట్టం ఇచ్చింది నెలకు 35 కిలోలు. అందులో కిలో తగ్గినా అది ఇంకొక ఆడమనిషి కూడే.

రెండోది, వేరొకరి స్టోరు రద్దయినాక దాన్ని మన సంఘానికి ఇస్తే సంతోషమే. అయితే ఆ పాత డీలరు కోర్టులో గెలిస్తే అది వెనక్కి పోతాది. ఉత్తరప్రదేశ్ నుంచి వచ్చిన ఇట్లాంటి కేసులో, తర్వాత స్టోరు పొందిన మనిషిని ఆ కేసులో తప్పకుండా పార్టీగా చేర్చాల్సిన పని లేదని 2015లో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి దాన్ని నమ్ముకొని పెద్ద అప్పు చేయొద్దు.

ఈ ఏడాది ప్రతి గ్రామ సంఘాన్నీ కోరేది ఇదే. నెలనెలా సమావేశంలో స్టోరు రిజిస్టరును, మిషన్ లెక్కను సరిచూసి మినిట్స్‌లో రాయండి. నోటీసు వస్తే డీలరును ఒంటరిగా పంపొద్దు. చదువొచ్చిన ఇద్దరు ఆమెతో కూర్చొని జవాబు రాయించండి.